మడత విప్పని చొక్కా

కూర్చోవచ్చు గానీ మాట్లాడకూడదు, తల ఊపకూడదు, కళ్ళతో సైగ చెయ్యకూడదు, పిల్ల చెయ్యి పట్టుకోకూడదు, ఏడ్చినా రుమాలు అందించకూడదు, తోడుగా వచ్చినవాళ్ళు తోడుగా ఉండాలి అంతే, ఒక్క మాట జారినా పిల్ల చెప్పిందంతా మీరు నేర్పిన చిలకపలుకులే అనుకుని పక్కన పడేస్తారు అని గుమ్మం దగ్గర గుమాస్తా చెప్పినప్పుడు పెద్దమ్మ బుద్ధిమంతురాలిలా సరేనంది గానీ, లోపలికి వచ్చి కుర్చీలో సర్దుకుందో లేదో నాలుక దురద మొదలైంది. నిద్రలో కూడా ఎవరితోనో వాదిస్తూనే ఉంటుందని ఇంట్లో ఆయన ఎప్పుడూ ఏడిపిస్తుంటాడు, పెళ్ళాం గంటసేపు నోరు కట్టేసుకుని కూర్చునే వింతకి టిక్కెట్టు పెడితే మొదటి వరసలో ఉండేవాడు. పెద్దమ్మ అన్నది పిల్లలు పెట్టుకున్న పిలుపే గానీ చుట్టరికం కాదు, అసలు ఆవిడ ఉద్యోగమే నోటితో. ఇల్లు వదిలొచ్చేసిన పిల్లలకి, తల దాచుకునే చోటు లేక బస్టాండుల్లోనూ మెట్లకిందా పడుకునే పిల్లలకి, సైకిల్ రిపేరు షాపు పైన ఉన్న ఆ పాత ఇంట్లో ఒక మంచం చూపించడం ఒక పనైతే, వాళ్ళ తరఫున బడివాళ్ళతో, పోలీసులతో, ఆస్పత్రివాళ్ళతో మాట్లాడి, బతిమాలి, మాట వినకపోతే గొంతు చించుకుని పోట్లాడి రావడం అంతకు రెట్టింపు పని. ఏ గదికి వెళ్ళినా ముందు ఆవిడ గొంతు వెళ్ళేది, వెనకాల ఆవిడ వెళ్ళేది. ఇవాళ ఆ గొంతు గుమ్మం అవతలే ఉండిపోయింది, ఈ చేతులు ఎక్కడ పెట్టుకోవాలో కూడా తెలియడం లేదు, ఒళ్ళో పెట్టుకుంటే ప్రార్థన చేస్తున్నట్టుంది, బల్ల మీద పెడితే భోజనానికి కూర్చున్నట్టుంది. చివరికి చేతిసంచి పట్టుకుని కూర్చుంది.

గది చిన్నది. పిల్లలు బెదిరిపోకూడదని ఎత్తు పీఠాలూ కటకటాలూ లేకుండా గుండ్రటి బల్ల వేశారు, గోడలకి పసుపు రంగు కొట్టారు, అది ఉల్లాసంగా ఉంటుందని ఎవరో పెద్దమనిషి అనుకుని ఉంటాడు, చూస్తే గదికి కామెర్లొచ్చినట్టుంది. కిటికీ బయట రోడ్డు తవ్వుతున్నారు, ఆ మిషను కాసేపు దడదడలాడి ఆగుతోంది, ఆగినప్పుడు లోపల నిశ్శబ్దం మరీ ఎక్కువగా వినిపిస్తోంది. బల్లకి అటు జడ్జిగారు, జలుబు చేసిన ఆడమనిషి, దగ్గుమాత్ర బుగ్గన పెట్టుకుని కళ్ళద్దాల పైనుంచి చూస్తున్నారు. ఆవిడ పక్కన టైపు చేసే గుమాస్తా. ఇటు పిల్ల, పిల్లకి కుడిపక్క వకీలు, ఎడంపక్క పెద్దమ్మ. ఎదురుగా పిల్ల తండ్రి, ఆయన్ని ఆనుకుని పిల్ల తల్లి. తండ్రిది డ్రైవింగ్ స్కూలు, ఊళ్ళో సగం మందికి స్టీరింగు పట్టుకోవడం నేర్పిన మనిషి, ఆయన లోపలికి రాగానే గుమాస్తా సగం లేచి మాస్టారూ బాగున్నారా అనేసి, తనెక్కడున్నాడో గుర్తొచ్చి కూలబడ్డాడు, అది చూసి పెద్దమ్మ కుర్చీ ఇంకాస్త పిల్ల దగ్గరికి జరుపుకుంది. తేలాల్సింది ఒక్కటే. పదిహేడో ఏడు నడుస్తున్న ఈ పిల్ల మళ్ళీ తండ్రి ఇంటికి వెళ్ళాలా, లేక సైకిల్ షాపు పైన ఇంట్లోనే ఉండి చదువు పూర్తి చేసుకోవచ్చా. ఇంకో గంటలో జడ్జిగారు చెప్పేస్తారు, చెప్పాక ఇక ఎవరు మొత్తుకున్నా లాభం లేదు.

పిల్లని షాపు పైన ఇంట్లో అందరూ ఘటం అంటారు. మొండిఘటంలో మొండిని ముద్దుకి కోసేశారు. పొద్దున్న కూడా ఘటం ఘటమే, వకీలు కారు తీసుకొస్తానంటే వద్దంది, నడిచే వెళ్దామంది, ఇంత దూరం ఎందుకే తల్లీ, నా మోకాళ్ళు నీకేం అపకారం చేశాయి అని పెద్దమ్మ దారంతా సణిగింది, పిల్ల నవ్వి అడుగు నెమ్మది చేసిందే తప్ప మనసు మార్చుకోలేదు. ఎప్పుడూ అంతే, బస్సెక్కుతుంది, సైకిలెక్కుతుంది, కారు దగ్గరికి వచ్చేసరికి ఏదో వంక పెడుతుంది, ఓసారి జ్వరంతో ఒళ్ళు కాలిపోతూ కూడా ఆస్పత్రికి నడిచే వచ్చింది. అదొకటి, ఆ చొక్కా ఒకటి. నీలం చొక్కా, ఇన్నాళ్ళలో ఒక్కసారి కూడా తొడుక్కోలేదు, అల్మరాలో అడుగున పొట్లంలా పెట్టుకుని ఈగ వాలనిచ్చేది కాదు, ఇవాళ తీసి వేసుకుంది, నిలువునా అడ్డంగా మడతల గీతలు లోతుగా పడి ఉన్నాయి. ఇలా ఇయ్యవే, చిటికెలో ఇస్త్రీ చేసిస్తాను, జడ్జిగారి ముందుకి ఇలాగేనా వెళ్ళడం అంటే, ఇలాగే బావుంది పెద్దమ్మా అంది. ఏం బావుందో, ఇప్పుడు పక్కనుంచి చూస్తే భుజం మీద గీత, మోచేతి దగ్గర గీత, వీపు మధ్యన గీత, నాలుగు రోజులు జేబులో ఉన్న రుమాలులా ఉంది. ఎదురుగా తల్లి ఆ చొక్కానే చూస్తోంది. పిల్ల ఇలా తయారై వచ్చిందేమిటి, చూసేవాళ్ళు లేరనేగా అనుకుంటోందేమో, అనుకోనీ, చూడాల్సిన రోజుల్లో ఆవిడ మాత్రం ఏం చూసింది గనక అని పెద్దమ్మ కాస్త కారంగానే అనుకుంది.

వకీలు మెట్ల దగ్గర నిలబెట్టి పిల్లకి మరీ మరీ చెప్పాడు. మంచివాడే, మాట మెత్తన, చట్టం మాత్రం గట్టిగా తెలుసు. జడ్జిగారు అన్నీ అడిగాక చివర్లో ఇంట్లో నీ పక్షాన ఎవరైనా ఉన్నారా అని అడుగుతారు, లేరని చెప్పు, అదే మనకి ప్రాణం, ఎవరైనా ఉన్నారన్నావంటే వాళ్ళ చేతిలో పెట్టి ఇంటికి పంపేస్తారు, అమ్మానాన్నల్లో ఒక్కరు కాసుకుంటారని తేలినా చాలు, పిల్లని బయట ఉంచడానికి కోర్టు ఒప్పుకోదు అన్నాడు. లేరు అన్న ఒక్క ముక్క చెప్పలేవా అన్నాడు. పిల్ల వంగి బూటు తాడు కట్టుకుంటూ ఉండిపోయింది, కట్టి ఉన్న తాడే విప్పి మళ్ళీ కట్టుకుంది. వకీలు పెద్దమ్మ వైపు చూశాడు, మీరైనా చెప్పండి అన్నట్టు, పెద్దమ్మకి ఆ తాడు కట్టుకోవడంలో ఏదో కనిపించి, ఏమిటో తెలియక, ఎండ ఎక్కుతోంది లోపలికి పదండి అంది.

మాస్టారు మాట్లాడుతున్నాడు. ఎంత బాగా మాట్లాడుతున్నాడో, ఎక్కడా గొంతు పెంచడు, ఎవరి మీదా నింద వెయ్యడు, పిల్ల చదువులో చురుకేనండి, కాస్త సావాసాలు కుదరక అలా అయింది, ఈ సంస్థవాళ్ళు కూడా పాపం మంచి ఉద్దేశంతోనే చేస్తున్నారు అని పెద్దమ్మకే ఒక నమస్కారం పడేశాడు, పెద్దమ్మ ప్రతినమస్కారం పెట్టబోయి చేతులు మధ్యలో ఆపుకుంది. ముందు బ్రేకు ఎక్కడుందో చూసుకోమంటానండి నేర్చుకోడానికి వచ్చినవాళ్ళని, నేర్పే కారులో రెండు బ్రేకులుంటాయి, వాళ్ళకొకటి, నా కాలికింద ఒకటి, ఇంట్లో పెద్దవాళ్ళుండేది కూడా అందుకే కదా అన్నాడు, గుమాస్తా టైపు చేస్తూ చిన్నగా నవ్వుకున్నాడు. గదిలో ఉక్కగా ఉంది. మాస్టారు మాట ఆపకుండానే కోటు విప్పి పక్కకి చాచాడు, అటు చూడను కూడా చూడలేదు, అక్కడ చేతులుంటాయని తెలుసు, ఉన్నాయి, తల్లి అందుకుని ఒళ్ళో పెట్టుకుంది.

ఇల్లొదిలొచ్చే పిల్లలు ఏం తెచ్చుకుంటారు, అది ఆలోచిస్తే పెద్దమ్మకి ఇప్పటికీ ఒళ్ళు జలదరిస్తుంది. గడప దాటే ఆ ఒక్క క్షణంలో చేతికి ఏది తగిలితే అది. ఒకడు జామ్ సీసాలో చేపపిల్లని తెచ్చాడు, చొక్కాకి గుండీలు లేవు గానీ చేపకి మేత మాత్రం జేబులో ఉంది. ఒకమ్మాయి రెండూ ఎడంకాలి చెప్పులే వేసుకొచ్చింది, అలాగే ఊరు ఊరంతా నడిచింది. మళ్ళీ ఎన్నటికీ వెళ్ళనని ఒట్టేసుకున్న ఇంటి తాళంచెవి మెళ్ళో తాడుకి కట్టుకుని వచ్చినవాడున్నాడు, స్నానానికి వెళ్ళినా తియ్యలేదు. పదిహేడేళ్ళప్పుడు తను పన్ను పీకించుకోడానికి ఒక్కతీ వెళ్ళలేక మేనమామని వెంటబెట్టుకుని వెళ్ళింది, ఆయన చెయ్యి గోళ్ళు దిగేదాకా పట్టుకుంది, ఈ పిల్లలేమిటి, అంత చీకట్లోకి ఒక చేపపిల్లని పట్టుకుని నడిచొస్తారు, ఇది చాలు లోకానికి అనుకుని. బేకరీ వెనక గోడ వెచ్చగా ఉంటుందని ఎవరు చెప్పారు వీళ్ళకి, సంచి పట్టీ చీలమండకి చుట్టుకుని పడుకుంటే ఎవరూ లాక్కుపోలేరని ఎవరు నేర్పారు, స్టేషను కుళాయి కింద తల కడుక్కుని, పాపిడి తిన్నగా తీసుకుని, మర్నాడు బళ్ళో మొదటి బెంచీలో కూర్చుని లెక్కలు చేసిన పిల్లని చూసింది తను. ఉద్యోగంలో చేరినప్పుడు జాలేసేది. జాలి ఎప్పుడు పోయిందో తెలియదు, ఇప్పుడు వాళ్ళు గుమ్మంలో నిలబడగానే లేచి నిలబడాలనిపిస్తుంది.

ఘటం సంచి మాత్రం వేరుగా ఉండేది. అది చూసే పెద్దమ్మ మొదటిరోజే ముక్కు మీద వేలేసుకుంది, ఏమే, పారిపోయి వచ్చావా పెళ్ళికి వచ్చావా అని వేళాకోళం చేసింది కూడా. చలికి, ఎండకి, బడికి వేరువేరుగా బట్టలు, అన్నీ గట్టి పొట్లాల్లా మడిచి ఇటుకలు పేర్చినట్టు పేర్చి ఉన్నాయి, విసిరేసినా విడిపోవు అలాంటి మడత. మధ్యలో దువ్వెన, సూదీదారం, నెలసరి గుడ్డలు, ఆయాసానికి పీల్చుకునే మందు, దాని వెనక ఇంకో మందు, పైన రొట్టెముక్కలు. పిల్ల ఆరిందా అనుకుంది. తరవాత ఆ ఇంట్లో ఎవరొచ్చినా చేసేదే చేసింది, పిల్ల స్నానానికి వెళ్ళగానే బట్టలన్నీ దులిపి మరుగునీళ్ళ తొట్టిలో పడేసింది, రోడ్లమీద తిరిగొచ్చిన బట్టల్లో నల్లులుంటాయి, ఒక్కదాంట్లో ఉన్నా ఇల్లంతా పాకుతాయి, పద్ధతి అది. పిల్ల తల తుడుచుకుంటూ వచ్చి తొట్టి చూసింది. ఏడవలేదు, అరవలేదు, నేలమీద కూర్చుని నీళ్ళోడుతున్న చొక్కా ఒకటి తీసి మడవబోయింది, కుదరలేదు, మళ్ళీ పరిచింది, చేతులు వెనక్కి తిప్పింది, కొస దేంట్లోకో దోపబోయింది, జారిపోయింది, అలా ఎంతసేపు చేసిందో, అన్నానికి రమ్మంటే రాలేదు. తడి బట్టలు మడవడమేమిటే పిచ్చిదానా, ఆరాక నేను మడిచిస్తాగా అని పెద్దమ్మ చక్కగా ఆరేసి, చక్కగా నాలుగు మూలలూ కలిపి మడిచి ఇచ్చింది. ఆ రోజే ఘటం అని పేరు పెట్టింది. సంచి అడుగున తొట్టికి చిక్కకుండా ఒక్క పొట్లం దాగిపోయింది, అదే ఈ నీలం చొక్కా.

ఎందుకొచ్చేశావని అడక్కూడదన్నది ఆ ఇంటి కట్టుబాటు, పిల్లలే చెప్పాలి, చెప్పినప్పుడు వినాలి, చెప్పకపోతే అదీ వాళ్ళిష్టం. ఘటం చెప్పలేదు. వకీలుకి గది తలుపు వేసుకుని చెప్పిందట, ఆయన పెదవి విప్పడు. అందుకని జడ్జిగారు దగ్గుమాత్ర ఇటు బుగ్గనుంచి అటు బుగ్గకి మార్చుకుని, ఎందుకు ఇల్లు వదిలావమ్మా అని మామూలుగా అడిగేసరికి, ఇన్నాళ్ళుగా తన నాలుక చివర దాచుకున్న ప్రశ్న వేరే వాళ్ళ నోట్లోంచి వచ్చినందుకు పెద్దమ్మే ఉలిక్కిపడింది. పిల్ల చెప్పడం మొదలెట్టింది. బయట మిషను దడదడలాడింది, పిల్ల ఆగింది, అది ఆగాక మళ్ళీ అందుకుంది, అన్నం వండే విధానం చెప్పినట్టు చెబుతోంది, తొందర లేదు. నాన్న కొట్టరండి. తప్పు చేస్తే కారులో కూర్చోమంటారు. షెడ్డులో, అద్దాలెత్తేసి, బయటినుంచి తాళం వేస్తారు. బుద్ధొచ్చాక తీస్తారు. బుద్ధొచ్చిందని ఎలా తెలుస్తుందని జడ్జిగారు అడిగారు. అది నాన్నకే తెలుస్తుందండి అంది పిల్ల. ఎండాకాలం కూడానా అన్నారు. ఎండాకాలం బుద్ధి తొందరగానే వస్తుందండి అంది.

గుమాస్తా వేళ్ళు ఆగిపోయాయి. పెద్దమ్మకి జ్వరంలో ఆస్పత్రికి నడిచిన దారి గుర్తొచ్చింది, ఇవాళ్టి దారి గుర్తొచ్చింది, మోకాళ్ళ గురించి సణిగిన సణుగుడంతా గుర్తొచ్చింది. లోపలేం చేసేదానివి అని అడిగారు జడ్జిగారు, ఆ ప్రశ్న కోర్టుకి అక్కర్లేదు, ఆవిడకే ఉండబట్టలేదేమో. రోడ్డు గుర్తుల పుస్తకం ఉంటుందండి ముందు అరలో, అది చదివేదాన్ని, ఆయాసం రాకుండా ఒక్కో గుర్తుకి ఒక్కో ఊపిరి తీసుకునేదాన్ని, ఇప్పుడు గుర్తులన్నీ వచ్చు అంది. పెద్దమ్మ కళ్ళు తిప్పకుండా బల్లవైపే చూసింది. ఈ పిల్ల తన వంటింట్లో గిన్నెలు కడిగింది, కొత్తగా వచ్చినవాళ్ళకి దుప్పటి మడత విప్పి కప్పింది, సైకిల్ షాపతనితో చదరంగం ఆడి ఓడించింది, ఇదంతా ఆ అద్దాల వెనకనుంచి ఊపిరి ఊపిరిగా బయటికి తెచ్చుకున్న బతుకా అనుకుంది, దణ్ణం పెట్టాలనిపించింది, చేతిసంచిని ఇంకా గట్టిగా పట్టుకుంది. మాస్టారు నొచ్చుకున్నట్టు తల పంకించి, పిల్లలకి గోరంతలు కొండంతలవుతాయండి, పక్కనే ఉండేవాణ్ణి నేను, క్రమశిక్షణకి కాసేపు కూర్చోబెడితే ఇలా అంటోంది అన్నాడు. ఆయన గొంతు అప్పుడూ పెరగలేదు.

అప్పుడు కనిపించాయి తల్లి చేతులు. అసలు ఇంతసేపూ కనిపిస్తూనే ఉన్నాయి, చూడలేదంతే. ఆవిడ మొహం రాయిలా ఉంది, కళ్ళు బల్లమీదే ఉన్నాయి, చేతులు మాత్రం వాటి మానాన అవి పని చేసుకుంటున్నాయి. కోటు బోర్లా పరిచింది. రెండు చేతులూ వెనక్కి తిప్పి ఒకదాని మీద ఒకటి వేసింది. అటూ ఇటూ అంచులు లోపలికి. కిందినుంచి రెండు మడతలు. మిగిలిన కొస కాలరు లోపలికి దోపింది, అరచేత్తో ఒక్క తట్టు తట్టింది. అంత కోటూ గట్టి పొట్లమైపోయింది. విప్పింది, మళ్ళీ మొదలెట్టింది. పెద్దమ్మకి తొట్టి పక్కన నేలమీద తడి చొక్కాతో కూర్చున్న పిల్ల కనిపించింది, దేంట్లోకో దోపబోయి జారిపోయిన ఆ కొస కనిపించింది, ఇటుకల్లా పేర్చిన సంచి, మందు వెనక మందు, సూదీదారం, నెలసరి గుడ్డలు, అన్నీ ఒక్కసారే కనిపించాయి, పారిపోయే పిల్ల సర్దుకున్న సంచి కాదది, అలా సర్దడానికి ఎన్నో రోజులు పడుతుంది, ఇవాళ ఒక దువ్వెన, రేపొక మందు, ఎవరూ చూడకుండా, ఇంట్లోంచి కొంచెం కొంచెంగా. పిల్ల పారిపోలేదు. ఈవిడ పంపింది. చూడాల్సిన రోజుల్లో ఏం చూసిందని ఇందాక తను అనుకున్న ఆవిడే. ఆవిడ చేతి మడతలన్నీ నల్లుల పేరు చెప్పి మరుగునీళ్ళలో కలిపేసింది తను, మిగిలిన ఒక్క మడతనీ ఈ పిల్ల ఇన్నాళ్ళూ విప్పకుండా దాచుకుంది, అమ్మకి ఎదురుగా కూర్చునే రోజని ఇవాళ విప్పి తొడుక్కుంది, గీతలు గీతలుగా అమ్మకి కనిపించాలని. ఇస్త్రీ చేస్తానన్నది తను. ఎంత గొప్ప సంగతి ముందు ఎంత తెలివితక్కువగా ఇస్త్రీపెట్టె పట్టుకుని నిలబడింది. వీళ్ళిద్దరూ ఒక్క మాటైనా అనుకోకుండా ఈ గదిలో, ఆ మనిషి పక్కనే, అంతా మాట్లాడేసుకుంటున్నారు, గదంతట్లో అది తెలిసింది తనకొక్కదానికే.

ఆ వెంటనే భయమేసింది. వకీలుకి ఇది తెలియదు. అమ్మే పంపిందని పిల్ల అన్నదంటే అంత మంచి తల్లి ఉండగా వేరే చోటెందుకమ్మా అంటారు, ఆ ఇంటికే పంపుతారు, అదొక్కటే కాదు, ఎవరు పంపారో ఆ పక్కన కూర్చున్న మాస్టారికి ఈ క్షణంలోనే తెలుస్తుంది, ఈ సాయంత్రం షెడ్డులో కారు తలుపు ఎవరికోసం తెరుచుకుంటుందో. అనలేదంటే, అమ్మ ఎదురుగా కూర్చుని నాకు నువ్వు లేవని చెప్పాలి. ఆ తాడు విప్పి కట్టుకున్నది అందుకే. పెద్దమ్మ నోరు మెదపకూడదు. జీవితమంతా ఎవరి గదిలోకి పడితే వాళ్ళ గదిలోకి దూసుకెళ్ళి మాట్లాడిన మనిషికి మాట్లాడాల్సిన విషయం ఇప్పుడు దొరికింది. జడ్జిగారు ముక్కు తుడుచుకుని, కళ్ళద్దాలు సర్దుకుని, నిన్ను కారులో పెట్టినప్పుడు అమ్మ ఏం చేసేదని అడిగారు. ఇంట్లో ఉండేదండి అంది పిల్ల. అయితే ఇంట్లో నీ పక్షాన ఎవరైనా ఉన్నారా అన్నారు.

తల్లి చేతులు కోటు మీద ఆగిపోయాయి. పిల్ల తలెత్తి ఆవిడ వంక చూసింది, లోపలికొచ్చాక మొదటిసారి. ఎంతసేపు చూసిందో పెద్దమ్మకి తెలియదు, బయట మిషను కూడా ఆగిపోయింది, ఎవరో కూలీ పార పక్కన పడేసిన చప్పుడు వినిపించింది, నీళ్ళ గ్లాసు మీద ఈగ ఒకటి అంచు చుట్టూ తిరుగుతోంది, వకీలు పెన్ను మూత పెట్టి తీస్తున్నాడు, తను ఊపిరి బిగబట్టి కూర్చుంది, బిగబట్టడం కూడా సైగ కిందికే వస్తుందేమోనని వదిలింది.

"లేరండి," అంది పిల్ల. "ఎవరూ లేరు."

తల్లి కళ్ళు మూసి తెరిచింది. పిల్లనెక్కించిన బస్సు కదిలి, కిటికీ పక్కన సీటు కూడా దొరికిందని చూసుకున్న మనిషి మొహంలా ఉంది ఆ మొహం. నాకు నువ్వు లేవని కూతురి నోట విని అలా తేలికపడ్డ తల్లిని పెద్దమ్మ ఎన్నడూ చూడలేదు, ఇక చూడదు. వకీలు పెన్ను జేబులో పెట్టుకున్నాడు. జడ్జిగారు కాగితం మీద ఏదో రాసుకుని, పద్ధతి ప్రకారం తల్లిని కూడా అడగాలి గనక అడుగుతున్నట్టు, మీరేమైనా చెప్పాలా అమ్మా అన్నారు. ఆవిడ చెప్పేదేముందండి, నేను చెప్పినదేగా అన్నాడు మాస్టారు. ఆవిడ ఊరుకుంటే చాలు, పిల్ల గెలిచినట్టే, అందరూ లేచి వెళ్ళిపోవచ్చు. కాగితం మీద ఆ మాట అలాగే ఉండిపోతుంది, ఎవరూ లేరని. తల్లి ఆ కాగితం వైపు చూసింది, చొక్కా వైపు చూసింది, చివరిసారి తట్టి పొట్లం చేసిన కోటు తీసి మాస్టారి ముందు బల్ల మీద పెట్టి లేచి నిలబడింది.

"అమ్మాయి నా కోసం అబద్ధం చెప్పిందండి," అంది. "తను పారిపోలేదు. నేనే పంపాను."

ఆవిడ గొంతు వాడక బొంగురుపోయినట్టుంది, ఒక్కో మాటా వెతుక్కుని తెచ్చుకుంటోంది. తాళంచెవి ఆయన జేబులో ఉండేదనీ, షెడ్డు తలుపు సందులోంచి పిల్ల పెదవులు కదలడం చూస్తూ నిలబడేదాన్నే తప్ప అద్దం పగలగొట్టడానికి చెయ్యి రాలేదనీ, అందుకే సంచి సర్దడం మొదలుపెట్టాననీ, ఓ పొద్దున ఆయన కారు కడుక్కుంటుండగా పెరటి తలుపు తీశాననీ చెప్పింది. ఎవరడిగినా అమ్మ లేదని చెప్పు అని నేనే నేర్పానంది. మాస్టారు ఆవిడని కూర్చోమన్నాడు, చాలా మెల్లగా అన్నాడు, ఆవిడ కూర్చోలేదు. వకీలు రెండు చేతుల్లో మొహం పెట్టుకున్నాడు. జడ్జిగారు కూడా ఇబ్బందిపడ్డారు, చట్టం అడగమన్నది అడగక తప్పదు గదా, అయితే ఇంట్లో పిల్లని కాసుకునేవాళ్ళు ఉన్నట్టే కదమ్మా, మీతో ఇంటికి పంపమంటారా అన్నారు.

"ఏ ఇంటికండీ?" అంది తల్లి. "నేనే వెళ్ళడం లేదు."

మాస్టారి కాలు బల్లకింద నేలకేసి నొక్కుకుపోయింది, పెద్దమ్మకి బూటు కిర్రుమనడం వినిపించింది. మరి మీరెక్కడికి వెళ్తారు అని అడిగారు జడ్జిగారు. తల్లి చేతుల్లో సంచి లేదు, పర్సు లేదు, దువ్వెన లేదు. కూతురికి సూదీదారంతో సహా అన్నీ ఆలోచించిన మనిషి తన సంగతి ఇప్పుడే, ఇక్కడే, నిలబడి ఆలోచిస్తోంది. చేపపిల్లతో వచ్చినవాడు కూడా గుమ్మంలో ఇలాగే నిలబడ్డాడు, ఇవే కళ్ళు.

"అమ్మ నా దగ్గరికి వస్తుందండి," అంది ఘటం.

నీ దగ్గరంటే ఎక్కడమ్మా, అది పిల్లలుండే చోటు కదా అన్నారు జడ్జిగారు, అంటూనే పెద్దమ్మ వైపు తిరిగి, ఇప్పుడు మీరు మాట్లాడొచ్చు అన్నారు. పెద్దవాళ్ళకి ఆ ఇంట్లో చోటు లేదు, అది నియమం, సంస్థ కమిటీలో ముగ్గురు ముసలాళ్ళు ఆ నియమం పట్టుకుని వేలాడతారు, రేపు వాళ్ళతో పోట్లాడాలి, ఎల్లుండీ పోట్లాడాలి. ఇంత సేపు ఆపుకున్న మాటలన్నీ ఏమయ్యాయో ఒక్కటీ దొరకలేదు ఆవిడకి. ఉంటుందండి, నేను చూసుకుంటాను అంది, ఆ గొంతు తనదేనా అనిపించింది. జడ్జిగారు తల వంచుకుని రాయడం మొదలుపెట్టారు, పిల్ల అక్కడే ఉంటుందనీ, తల్లి కోరితే తల్లి కూడా అనీ చదువుతూ రాశారు, గుమాస్తా టైపు చేశాడు, ఈసారి మాస్టారి వైపు చూడలేదు. తల్లి ఇంకా నిలబడే ఉంది. ఘటం లేచి, బల్ల చుట్టూ తిరిగి వెళ్ళి, ఆవిడ మోచెయ్యి పట్టుకుంది.

"అక్కడ మెట్లు ఎక్కువమ్మా," అంది. "మెల్లిగా ఎక్కుదువుగాని."